జీతం నెలకు, బత్తెం పూటకు... ఆ తర్వాత?

విజయనగరం నుంచి:
మా మేనమామ మద్రాసులో సినిమాలకు ప్రొడక్షన్ మేనేజరుగా పనిచేశారు. ప్రొడక్షన్ బాయ్‌గా చేరి, క్యాషియరై, చివరికి మేనేజరయ్యారు. పెద్దవయసులో మా ఇంట్లోనే ఉన్నారు. తరచు ఒక మాట అనేవారు: 'జీతం నెలకు, బత్తెం పూటకు, మాట...'. ఆ మూడో ముక్కే గుర్తుకు రావడం లేదు. 'మాట మనిషికి' అన్నారా, 'మాట బతుక్కి' అన్నారా? ఇది సామెతేనా, ఆయన సొంతంగా కట్టుకున్నదా? వారం రోజులుగా బుర్ర తొలిచేస్తోంది.

బొబ్బిలి మాస్టారు:
సామెత అంటే నాకు తెలిసింది 'జీతం బత్తెం లేకుండా తోడేలు మేకలు కాస్తానన్నదట' ఒక్కటే. మూడో ముక్క సంగతి తర్వాత చూద్దాం. ఆయన 'బత్తెం' అనే అన్నారా? సినిమావారు బత్తా అంటారు, డ్రైవర్లు బేటా అంటారు, ప్రభుత్వ కాగితాల్లో భత్యం ఉంటుంది. ఏది అన్నారో ముందు తేలాలి.

విజయనగరం నుంచి:
ఈ మాటలో మాత్రం బత్తెమే మాస్టారూ. ఔట్‌డోర్ కబుర్లు చెప్పేటప్పుడు బత్తా అనేవారు.

శ్రీకాకుళం నుంచి:
మూలం ఒక్కటే. సంస్కృత నిఘంటువు అమరకోశంలో కూలికి చెప్పిన పేర్లు చూడండి: 'కర్మణ్యా తు విధా భృత్యా భృతయో భర్మ వేతనమ్'. ఆ భృత్యే మన బత్తెం.

బొబ్బిలి మాస్టారు:
అదే అమరంలో అన్నానికి 'భక్తం' అని కూడా ఉందండీ. భక్తి బత్తి అయింది, ముక్త ముత్తెమైంది, భక్తం బత్తెమైంది. హిందీలో అన్నం భాత్, కన్నడంలో వడ్లు భత్త. మీరన్నట్టు భృత్య నుంచే వస్తే, మృత్యువు మిత్తి అయినట్టు అది 'బిత్తెం' కావాలి.

శ్రీకాకుళం నుంచి:
మృత్తిక మట్టి అయింది కదా, మిట్టి కాలేదే!

బొబ్బిలి మాస్టారు:
హిందీలో మిట్టీయే అయింది.

రాజాం నుంచి:
మట్టి అనగానే నా మనసు గురజాడ మీదికి పోయింది, క్షమించాలి. 'తిండి కలిగితె కండ కలదోయ్'. చాలాచోట్ల 'కలిగితే' అని దీర్ఘం పెట్టి అచ్చు వేస్తున్నారు. ముత్యాల సరం అనే ఆ ఛందస్సు నడక మూడు, నాలుగు మాత్రలు. తిండి మూడు, కలిగితె నాలుగు. దీర్ఘం పెడితే అయిదవుతాయి, నడక కుంటుతుంది. ఆయన తిరిగిన విజయనగరంలోనే గోడల మీద ఈ తప్పు కనబడితే ప్రాణం ఉసూరుమంటుంది. బత్తెం అంటే అన్నమే అన్న మాస్టారి మాట నాకు నచ్చింది. ఆ విజయనగరంలోనే సంగీతం చదువుకుంటూ ఘంటసాల మధూకరం ఎత్తి, ఇంటింటా అన్నం అడిగి కడుపు నింపుకున్నారు. 'పూటకు' అన్న మాట బరువు ఆ ఊరికి తెలుసు.

ఆమదాలవలస నుంచి:
నేను కొన్నేళ్లు లైట్‌మన్‌గా చేశాను. షూటింగులో టిఫిను, భోజనం కంపెనీవే. క్యారియర్లు వేళకు రావాల్సిందే, అదీ మేనేజరు బాధ్యతే. బత్తా మాత్రం వేరు. పేకప్ చెప్పాక మేనేజరు తోలుసంచి ఒళ్లో పెట్టుకుని కూర్చుంటారు. మేము వరుసలో నిలబడతాం. నోట్లు లెక్కపెట్టి చేతిలో పెట్టాకే సంతకం. పెద్దవారి పారితోషికం వాయిదా పడినా సర్దుకుంటుంది. బత్తా ఆగితే మర్నాడు లైటు లేవదు. కడుపు నిండా తిన్నాక చేతికిచ్చే డబ్బు అన్నం ఎలా అవుతుంది మాస్టారూ?

బొబ్బిలి మాస్టారు:
అది ఇంటి దగ్గర ఉన్నవారి అన్నం బాబూ.

ఆమదాలవలస నుంచి:
ఆ మాటకు ఎదురు చెప్పలేను. నా బత్తా నేరుగా ఇంటికే వెళ్లేది.

విజయనగరం నుంచి:
ఇవాళ అటక మీద మామయ్య పద్దుపుస్తకం దొరికింది. ఎర్ర గుడ్డ అట్ట, పొడుగాటి కాగితాలు. పేరు, పూట, రూపాయలు, సంతకం అని గళ్లు. సంతకం రానివారి వేలిముద్రలు ఊదా సిరాలో ఉన్నాయి. ఒక్క గడి కూడా ఖాళీగా లేదు. మూడో ముక్క మాత్రం ఎక్కడా రాయలేదు. పేజీ తలకట్టులో 'బత్యం పట్టీ' అని ఉంది. బకు వత్తు లేదు, త కింద య ఉంది.

శ్రీకాకుళం నుంచి:
ఆ యకారం భృత్యలోదే! ఇక వాదం అక్కర్లేదు.

బొబ్బిలి మాస్టారు:
ముక్తలో యకారం లేదు, అయినా ముత్యం అంటున్నాం. బత్తెం, బత్యం కూడా ముత్తెం, ముత్యం వంటివే. పైగా ఆయన వత్తు పెట్టలేదు. చెవితో విన్న మాటనే రాశారు.

శ్రీకాకుళం నుంచి:
ఒక్క పేజీతో తేల్చకండి. విజయనగరం వారూ, మిగిలిన పేజీల తలకట్టులు కూడా చూసి చెప్పండి. ఎక్కడైనా వత్తు పెట్టారేమో.