సమ్మరీ కోర్టు మార్షల్‌లో బావ ఉద్యోగం పోయింది, ఇప్పుడు ఏ కోర్టుకి వెళ్ళాలి?

లంక కుర్రోడు:
మాది రాజోలు దగ్గర లంక అండి. మా బావ ఆర్మీలో నాయక్ ర్యాంకు, 16 ఏళ్ళ సర్వీసు. సెలవు మీద వచ్చినప్పుడు వరదొచ్చి కాజ్‌వే మునిగింది, అక్క అత్తగారిని ఏటిగట్టు మీదకి చేర్చాక ఆవిడకి జ్వరం పట్టుకుంది, మొత్తానికి 38 రోజులు ఆలస్యంగా యూనిట్‌కి వెళ్ళాడు. సీఓ గారు, అంటే యూనిట్ కమాండింగ్ ఆఫీసరు, సమ్మరీ కోర్టు మార్షల్ (ఆయనొక్కరే విని తీర్పిచ్చే మిలటరీ విచారణ) పెట్టి పూటలో తేల్చేశారు, డిస్మిస్. పెన్షన్ కూడా పోయినట్టే. మిలటరీ తీర్పులో ఏ కోర్టూ వేలు పెట్టదని ఇక్కడి లాయరు గారు, తిన్నగా సుప్రీం కోర్టుకెళ్ళమని ఇంకొకాయన. ఇంట్లో అందరికీ టెన్షన్.

మాజీ హవల్దార్, తాడేపల్లిగూడెం:
లాయరు గారిది సగం నిజం. రాజ్యాంగం 136(2) ప్రకారం కోర్టు మార్షల్ మీద సుప్రీం కోర్టులో స్పెషల్ లీవ్ పిటిషన్ (ప్రత్యేక అనుమతితో వేసే అప్పీలు) కుదరదు, 227(4) ప్రకారం హైకోర్టుకి పర్యవేక్షణ లేదు. అవి చూసి దారులన్నీ మూసేశారనుకుంటారు గానీ 226 కింద హైకోర్టులో రిట్ ఎప్పుడూ ఉంది. పైగా 2007 చట్టంతో సాయుధ బలగాల ట్రిబ్యునల్ వచ్చింది, మనకి చెన్నై బెంచి. సమ్మరీ అయితే డిస్మిస్ గానీ, 3 నెలలు దాటిన జైలు గానీ పడితేనే వింటారు, మీ బావ కేసు అందులోకి వస్తుంది. ఈలోగా శిక్ష మీద పై అధికారులకి ఆర్మీ చట్టం సెక్షన్ 164 పిటిషన్ పెట్టించండి. మా మాధవరం వైపు ఇంటికో మిలటరీ మనిషి, అయినా ఇది తెలిసినవాళ్ళు తక్కువే.

కోనసీమ వకీలు:
రిట్‌లో సాక్ష్యాలు మళ్ళీ తూచరు. ఆ మిలటరీ కోర్టుకి అధికారం ఉందా, రూల్స్ పాటించారా, శిక్ష మరీ దారుణమా, అంతే. ట్రిబ్యునల్ సాక్ష్యాల్లోకీ వెళ్తుంది, శిక్ష తగ్గించగలదు, పెంచనూ గలదు, అదీ చెప్పాలి కదా. 1987లో రంజిత్ ఠాకూర్ అనే సిగ్నల్‌మన్ కేసు చూడండి: శిక్షలో ఉండగా అన్నం తిననన్నాడని ఏడాది జైలు, డిస్మిస్. అతను ఎవరి మీద ఫిర్యాదు చేశాడో ఆ అధికారే కోర్టులో కూర్చున్నాడు. సుప్రీం కోర్టు మొత్తం కొట్టేసింది. ట్రిబ్యునల్‌లో ఓడినా హైకోర్టు రిట్ ఉంటుందని 2023లో మళ్ళీ చెప్పింది. ఇంతకీ మీ బావ తప్పు ఒప్పుకున్నాడా?

గట్టు మీద మనిషి:
ఏమనుకోకండి గానీ, నీళ్ళు పది రోజుల్లో తీశాయి కదా, మిగతా రోజులకి యూనిట్‌కి ఒక ఫోనైనా చేశాడా? ట్రిబ్యునల్ అడిగేదీ అదే.

లంక కుర్రోడు:
ఆయ్, నిజమేనండి, ఒక్కసారే చేశాడట. తప్పు ఒప్పుకున్నానని సంతకం కూడా పెట్టాడు, ఒప్పుకుంటే తక్కువతో పోతుందని ఎవరో చెప్పారట.

కోనసీమ వకీలు:
అక్కడే పట్టుకోవాలి. ఒప్పుకుంటే ఏమవుతుందో ముందు వివరించి, అర్థమైందో లేదో చూడాలని ఆర్మీ రూల్స్‌లో 115వ రూల్ చెప్తుంది. రికార్డులో అది ఎలా రాశారో చూడనిదే ఏమీ చెప్పలేం. రూల్ 147 కింద ప్రొసీడింగ్స్ నకలు ఇవ్వమని బావ సంతకంతో రిజిస్టర్డ్ పోస్టు ఇవాళే వేయండి, ట్రిబ్యునల్‌కి వెళ్ళే గడువు దాటితే ఆలస్యానికి వేరే సంజాయిషీ రాసుకోవాలి. ఆస్పత్రి కాగితాలున్నాయా?

లంక కుర్రోడు:
ఉన్నాయండి. అక్క బియ్యం డబ్బాలో దాచింది, తడవలేదు. రేపు పొద్దున్నే రేవు దాటి పోస్టాఫీసుకి వెళ్తున్నాం.