బ్యాంకుల విలీనం: ఉద్యోగులది మొండితనమా, ముందుచూపా?

పాత లెడ్జరు:
పది ప్రభుత్వ బ్యాంకులను నాలుగు చేస్తామని కేంద్రం 2019 ఆగస్టు 30న ప్రకటించింది. మర్నాడే ఉద్యోగులు నల్లబ్యాడ్జీలు పెట్టుకున్నారు. అయినా 2020 ఏప్రిల్ 1న, లాక్‌డౌన్ మధ్యలోనే, ఆంధ్రా బ్యాంకు, కార్పొరేషన్ బ్యాంకు యూనియన్ బ్యాంకులో కలిసిపోయాయి. ఒక్కరి ఉద్యోగం కూడా పోదని ఆర్థిక మంత్రి ముందే చెప్పారు. మరి అంత ఆందోళన దేనికి? నన్నడిగితే అది మార్పంటే బెదురు, అంతే. ఒకప్పుడు కంప్యూటర్లు వద్దన్నదీ ఈ యూనియన్లే. ఈరోజు సర్వరు పది నిమిషాలు ఆగితే కౌంటరులో ఎవరికీ చేయి ఆడదు.

బందరు కాలువ:
ఆ కంప్యూటర్ల ముచ్చటే మీ వాదానికి అడ్డం తిరుగుతుంది, లెడ్జరు గారూ. యూనియన్లు వద్దని చెప్పి ఇంటికి పోలేదు. 1983లో, మళ్ళీ 1987లో, 1993లో బ్యాంకు యాజమాన్యాల సంఘంతో కూర్చుని ఒప్పందాలు రాసుకున్నాయి. యంత్రాలు ఎంతవరకు, వాటిమీద పనిచేసేవారికి భత్యం ఎంత అన్నవి కాగితం మీదికి వచ్చాయి. ఆలస్యమైందా అంటే అయింది. విలీనానికి అలాంటి చర్చల బల్ల ఎక్కడ వేశారు? సిబ్బందిలో చాలామందికి ఆ సంగతి టీవీలోనే తెలిసింది.

మూడో స్కేలు:
నేను ఇలా కలిసిపోయిన ఒక బ్యాంకులో ఆఫీసరుని. పేరు అనవసరం. “ఉద్యోగం పోదు” అన్నది మేము అడగని ప్రశ్నకు చెప్పిన జవాబు. మేము అడిగినవి వేరు. రెండు బ్యాంకుల సీనియారిటీ జాబితాలను ఎలా కలుపుతారు? మా దగ్గర ప్రమోషన్లు ఆలస్యం, అవతల తొందర. ఒకే ఏడాది చేరిన ఇద్దరిలో ఒకరు అప్పటికే పై స్కేలులో, అంటే పై హోదాలో, ఉన్నారు. ఆఫీసరుకు దేశంలో ఎక్కడికైనా బదిలీ ఉంటుందని చేరేటప్పుడే తెలుసు, కాదనను. కానీ చాలా శాఖలు సొంత ప్రాంతంలోనే ఉన్న బ్యాంకులో ఆ మాటకున్న బరువు వేరు.

ఇంకొకటి. ఒకే వీధిలో మూడు శాఖలుంటే రెండు మూతపడతాయి. అక్కడ బంగారం పరీక్షించే అప్రైజరుకు జీతం లేదు, లోనుకింత అని కమీషన్ మాత్రమే. “ఉద్యోగం పోదు” అన్న హామీ అతనికి వర్తించదు, ఎందుకంటే అతను ఉద్యోగే కాదు. సమ్మె నోటీసుల్లో యూనియన్లు కూడా ఆయన్ను పెద్దగా పట్టించుకోలేదు, అది వేరే సంగతి.

పాత లెడ్జరు:
అప్రైజరు సంగతి ఒప్పుకుంటాను. కానీ ఆ రోజుల్లో ఇక్కడ నేను విన్నదంతా ఆంధ్రా బ్యాంకును స్థాపించిన పట్టాభి గారు, 1923, బందరు, మన బ్యాంకు, మన పేరు. సీనియారిటీ గురించి మాట్లాడినవారు ఎందరు? అందరూ పేరు కోసమే కన్నీళ్ళు పెట్టుకుంటే యాజమాన్యానికి అసలు బాధ ఎలా తెలుస్తుంది? పైగా ప్రతి ప్రశ్నా తేలేదాకా ఆగితే ఏడు నెలల్లో పూర్తయ్యే పనికి ఏడేళ్ళు పడుతుంది.

బందరు కాలువ:
పేరు గురించి మాట్లాడితే పత్రికలు రాస్తాయి, ముఖ్యమంత్రులు ఉత్తరాలు పంపుతారు. సీనియారిటీ జాబితా గురించి ఎవరు రాస్తారు? అందుకే ఆ మాట ముందుకు వచ్చింది. అయినా పేరు ఉత్త సెంటిమెంటు కాదు. డబ్బు పంపడానికి వాడే ఆంధ్రా బ్యాంకు పాత శాఖా కోడ్‌లు (ఐఎఫ్‌ఎస్‌సీ) 2021 మార్చి 31తో చెల్లకుండా పోయాయి, చెక్కుబుక్కులూ మార్చుకోవాల్సి వచ్చింది. తమ డబ్బు ఏ బ్యాంకులో ఉందో చెప్పమంటూ పింఛనుదారులు వచ్చి నిలబడేది కౌంటరులోని క్లర్కు ముందే, ఢిల్లీలో కాదు.

మూడో స్కేలు:
లెడ్జరు గారూ, ఏడు నెలలని మీరే అన్నారు. షేర్ల లెక్క ఆ గడువులోనే తేల్చారు కదా: వెయ్యి ఆంధ్రా బ్యాంకు షేర్లకు 325 యూనియన్ బ్యాంకు షేర్లు. వాటాదారుల లెక్క విలీనానికి ముందే పైసలతో సహా తేలగలిగితే, సిబ్బంది లెక్కకు మాత్రం “తర్వాత చూద్దాం” ఎందుకు?