కథా రచన ఆన్‌లైన్ కోర్సు: ఫీజు పాఠాలకా, దిద్దుబాటుకా?

కథల_పిచ్చి:
ఎనిమిది వారాల కోర్సులో చేరాలా వద్దా అని ఇక్కడ తరచూ అడుగుతున్నారు. పాఠాల కోసమే అయితే వద్దంటాను. ఎత్తుగడ, దృష్టికోణం, సంఘర్షణ, ముగింపు గురించి వల్లంపాటి వెంకటసుబ్బయ్య గారు 'కథాశిల్పం'లో వివరంగా రాశారు. దానికి 1999లో కేంద్ర సాహిత్య అకాడమీ అవార్డు కూడా వచ్చింది. ఇక కథలంటారా, శ్రీకాకుళంలోని తెలుగు కథల గ్రంథాలయం 'కథానిలయం' వెబ్‌సైట్‌లో స్కాన్ చేసినవి బోలెడు, ఉచితంగా. వారానికి ఒకటి తీసుకుని మూడుసార్లు చదవండి. మొదట ఊరికే. రెండోసారి సన్నివేశం మారినచోటల్లా గీత గీయండి. మూడోసారి ప్రతి పేరా పక్కనా ఎవరి కళ్లతో చూస్తున్నామో రాయండి.

గోదారి_గట్టు:
ఎదుటివారి కథలో గీతలు గీయడం వస్తుందండీ, సొంత కథలోనే రాదు. ఇది చూడండి:

"రాజు తలుపు తీశాడు. వాకిట్లో మామయ్య. అప్పు సంగతి తెలిసిపోయిందేమోనని గుండె జారింది. పాలిపోయిన అతని ముఖం చూసి మామయ్యకి అనుమానం వచ్చింది."

మూడు వాక్యాలు రాజు మనసులో ఉన్నాం, నాలుగోదానికి మామయ్య మనసులోకి దూకేశాం. రాసినవాళ్లకి ఇద్దరి సంగతీ తెలుసు కాబట్టి ఆ దూకుడు కనబడదు. చివరి వాక్యం తీసేసి "ఏంరా, ఒంట్లో బాలేదా?" అని మామయ్య చేత అనిపిస్తే చాలు. ఆయనకి ఎంత తెలుసో రాజుకీ తెలియదు, పాఠకుడికీ తెలియదు. కథలో బిగువంతా అక్కడే. ఇలాంటిది ఇంకొకరు వేలు పెట్టి చూపించాల్సిందే. ఫీజు దానికి.

చిత్తుప్రతి:
చూపించే ఏర్పాటు ఉంటేనే! ముప్పై మంది ఉన్న జూమ్ గదిలో "చాలా బాగుందండీ, హత్తుకుంది" తప్ప ఇంకేం రాదు. ఎనిమిది మందికి మించకూడదు. కథ రెండు వేల పదాల లోపు, వారం ముందే అందరికీ చేరాలి. చర్చ ముగిసేదాకా రచయిత నోరు విప్పకూడదు, ఎందుకంటే పత్రికలో అచ్చయ్యాక పక్కన కూర్చుని వివరించలేరు కదా. చదివినవాళ్లు చెప్పాల్సింది: ఎక్కడ ఆసక్తి సడలింది, ఎక్కడ అర్థం కాలేదు, ఏ వాక్యం గుర్తుండిపోయింది. "నేనైతే ఇలా రాసేవాణ్ని" అన్న మాట నిషేధం. వారానికి రెండు కథలు పెడితే ఎనిమిది వారాల్లో ఒక్కొక్కరికి రెండు వంతులు. రెండో వంతుకి కొత్త కథ కాదు, అదే కథ తిరగరాసి తేవాలి. చాలా కోర్సులు వదిలేసేది ఇదే, నా దృష్టిలో అసలు చదువూ ఇదే.

పాలమూరు_పాఠకురాలు:
బృందం చేసే నష్టం ఎవరూ చెప్పట్లేదు. "ఏడికి వోతున్నవే" అని కథలో అవ్వ అడిగితే, అర్థం కాలేదని నలుగురంటారు. తిరగరాతలో అది "ఎక్కడికి వెళ్తున్నావే" అయి కూర్చుంటుంది. సంభాషణ ఒక్కటే కాదు. అవ్వ మనసులో మాట కూడా ప్రామాణిక భాషలో నడిస్తే, నోటితో మాట్లాడే అవ్వ ఒకరు, లోపల ఆలోచించే అవ్వ మరొకరు అవుతారు. బృందంలో ఆ యాస తెలిసినవాళ్లు ఒక్కరైనా ఉండాలి. లేకపోతే భాష మీద వచ్చే అభిప్రాయాలు పక్కనపెట్టి, నిర్మాణం మీద వచ్చేవే తీసుకోండి.

కథల_పిచ్చి:
చిత్తుప్రతి గారు చెప్పిన బృందానికి ఫీజెందుకు? ఎనిమిది మంది మిత్రులు చాలు కదా.

గోదారి_గట్టు:
మిత్రులు మూడో వారానికి మొహమాటపడతారు, ఐదో వారానికి రాత ప్రతులు ఆలస్యమవుతాయి. గడువు పట్టించే మనిషి కావాలి. చేరేముందు నిర్వాహకులు దిద్దిన పాత ప్రతిలో ఒక్క పేజీ, పేరు చెరిపేసి చూపించమని అడగండి. అచ్చుతప్పులే దిద్ది ఉంటే డబ్బు కట్టకండి.