కిరీటం పెట్టుకున్న ఆదివాసీ స్త్రీ ఎవరి కొలతకు నిలబడినట్టు?

అడవితంగేడు:
కెనడాలో ఎడ్మంటన్ నగరం పక్కనే ఉన్న ఈనక్ క్రీ నేషన్ అనే క్రీ ఆదివాసీ సమూహానికి చెందిన ఆష్లీ కాలింగ్‌బుల్ 2015లో మిసెస్ యూనివర్స్‌గా, 2024లో మిస్ యూనివర్స్ కెనడాగా గెలిచారు. ఈ రెండో కిరీటం దక్కిన తొలి ఫస్ట్ నేషన్స్ (కెనడా మూలవాసీ జాతుల) మహిళ ఆమే. గెలిచిన ప్రతిసారీ తన క్రీ మూలాల గురించి, తన వారికి జరిగిన అన్యాయాల గురించి ఆమె గట్టిగా మాట్లాడారు. ఆమె పట్ల నాకు గౌరవమే ఉంది; నా అభ్యంతరమంతా ఆ వేదిక మీదే. ఎత్తు, నడుము, నడక, నవ్వు అన్నీ ఇతరులు ఎప్పుడో నిర్ణయించిన కొలతలు. వాటిలో ఇమిడిన తర్వాతే ఆమె ఆదివాసీ కావడం సభకు ముచ్చటగా కనిపిస్తుంది. 2025 మే నెలలో మిస్ వరల్డ్ పోటీలు హైదరాబాదుకు వచ్చినప్పుడు, రామప్ప గుడి దగ్గర పోటీదారుల కాళ్లకు స్థానిక మహిళలు నీళ్లందించి తుడిచిన దృశ్యం మనలో చాలామందిని నొప్పించింది. దానికి చెప్పిన సమర్థన కూడా సంస్కృతి పేరు మీదే. ఒక జాతి ఆత్మగౌరవాన్ని చాటడానికి అందాల పోటీ తగిన చోటేనా?

పాతకాగితం:
అడవితంగేడు గారూ, రామప్ప దగ్గర జరిగినదానిని కాలింగ్‌బుల్ చేసినదానితో ఒకే గాటన కట్టడం సరికాదని నా అభిప్రాయం. అక్కడ సంస్కృతి అతిథి కాళ్ల దగ్గర కూర్చుంది; ఇక్కడ ఆమె తానే మైకు పట్టుకుంది. అయితే నేను చెప్పదలచుకున్నది అంతకన్నా పాత సంగతి.

కెనడా ప్రభుత్వం ఇండియన్ యాక్ట్ అనే చట్టానికి 1914లో ఒక సవరణ చేసింది. పశ్చిమ ప్రాంతాల ఆదివాసీలు అధికారి అనుమతి లేకుండా తమకు కేటాయించిన నివాస భూమి అయిన రిజర్వు దాటి నృత్యాలలో పాల్గొనడం, సంప్రదాయ దుస్తులతో ప్రదర్శనలలో, ఉత్సవాలలో కనిపించడం ఆ సవరణతో నేరమైంది. అంతకుముందే, 1880ల నుంచి, కానుకలు పంచిపెట్టే పాట్‌లాచ్ వంటి వారి వేడుకల మీద నిషేధం ఉంది. ఈ నిషేధాలను 1951లో గాని చట్టం నుంచి తీసివేయలేదు. ఆదివాసీ గుర్తింపును వదులుకోకుండానే దేశ ఎన్నికలలో ఓటు వేసే హక్కు 1960లో గాని రాలేదు. పిల్లలను ఇళ్ల నుంచి తీసుకుపోయి, మాతృభాష మాట్లాడితే శిక్షించిన రెసిడెన్షియల్ పాఠశాలల్లో చివరివి 1990లలో మూతపడ్డాయి. కాలింగ్‌బుల్ 1989లో పుట్టారు, అంటే ఆమె పుట్టేనాటికి ఆ బడులు కొన్ని ఇంకా నడుస్తూనే ఉన్నాయి.

ఇప్పుడు చెప్పండి. తాతల కాలంలో తమ దుస్తులతో జనం ముందుకు రావడమే నేరమైన చోట, మనవరాలు అదే దేశం పేరున్న పట్టీ వేసుకుని నిలబడి నేను క్రీ స్త్రీనని చెప్పడం కేవలం నడుము కొలతల వ్యవహారమేనా? ఆ కొలతలు సైతం రాతిమీద గీతలు కావు. మిస్ యూనివర్స్ సంస్థ పెళ్లయిన వారికీ తల్లులకూ ఉన్న నిషేధాన్ని 2023 పోటీల నాటికి, గరిష్ఠ వయోపరిమితిని 2024 పోటీల నాటికి ఎత్తివేసింది. ముప్పై నాలుగేళ్ల వయసులో ఆమె గెలిచింది అందువల్లనే.

గట్టుమీద:
పాతకాగితం గారి చరిత్రతో నాకు పేచీ లేదు, దాని నుంచి వారు తీసిన ఫలితంతోనే పేచీ. 2015లో బెలారస్‌లోని మిన్స్క్ నుంచి మిసెస్ యూనివర్స్ కిరీటంతో తిరిగి వచ్చిన కాలింగ్‌బుల్, అందంగా కూర్చోవడానికే తాను రాలేదంటూ నాటి ప్రధాని స్టీఫెన్ హార్పర్ ప్రభుత్వాన్ని విమర్శించి, ఓటు వేయమని తన వారికి పిలుపునిచ్చారు. ఆ అక్టోబరు ఎన్నికలలో హార్పర్ ఓడిపోయారు. రిజర్వులలో పోలింగు 2011లోని 47.4 శాతం నుంచి 61.5 శాతానికి పెరిగింది. ఆమె అభిమానులు కొందరు ఈ ఘనతను కిరీటానికి కట్టబెడతారు. అప్పటికే గ్రామగ్రామాన తిరిగిన కార్యకర్తలు, అదృశ్యమైన, హత్యకు గురైన ఆదివాసీ స్త్రీల కోసం ఏళ్ల తరబడి ఊరేగింపులు చేసిన కుటుంబాలు ఏమయ్యాయి? ఆ హత్యలపై జాతీయ విచారణ 2016లో మొదలైంది వారి పట్టుదల వల్ల. కిరీటం ఉన్నవారి మాటే వార్త అవుతుందంటే, ఆ లోపాన్ని మనం వేడుక చేసుకుంటున్నామన్నమాట.

మన దగ్గర ఆదిలాబాద్ గోండుల గుస్సాడీ నృత్యాన్ని చూడండి. దీపావళికి ముందు దండారి పండుగ రోజుల్లో నిష్ఠతో ఊరూరా తిరిగి ఆడే ఆటను ప్రభుత్వ సభలలో మంత్రుల ముందు పది నిమిషాలు ఆడించి పంపేస్తాం.

మెట్టపొలం:
గుస్సాడీని దేశమంతటికీ పరిచయం చేసిన మార్లవాయి కనకరాజు గారు ఢిల్లీ గణతంత్ర వేడుకలలో ఆడినవారే, 2021లో పద్మశ్రీ అందుకున్నవారే. వేదిక ఎక్కినందువల్ల ఆయన దండారి చిన్నబోయిందని నేను అనుకోను.

ఎడారిగాలి:
ఉద్యోగరీత్యా అరిజోనాలో ఉంటున్నాను కాబట్టి ఇంకో కొలత గురించి చెబుతాను. ఇక్కడ విండో రాక్ పట్టణం కేంద్రంగా ఉన్న నవాహో నేషన్ అనే ఆదివాసీ స్వపాలనా ప్రాంతం 1952 నుంచి తన సొంత పోటీలో మిస్ నవాహోను ఎన్నుకుంటోంది. అందులో ఈత దుస్తుల ఘట్టం ఉండదు. పోటీదారు నవాహో భాషలో ప్రశ్నలకు జవాబు చెప్పాలి, గొర్రెను కోసి, చర్మం ఒలిచి, ఏ భాగాన్ని ఎందుకు వాడతారో వివరించాలి. గొర్రె ఆ జాతి బతుకుతెరువు కనుక ఇది వింత ప్రదర్శన కాదు, ఇంటి పని వచ్చునా రాదా అన్న పరీక్ష. అడవితంగేడు గారి ప్రశ్నకు ఇదే జవాబని మొదట నేనూ అనుకున్నాను.

కాని సొంత కొలత కూడా కొందరిని బయట నిలబెడుతుంది. 1997లో తల్లి నవాహో, తండ్రి ఆఫ్రికన్ అమెరికన్ అయిన రాడ్‌మిల్లా కోడీ గెలిచినప్పుడు, భాషా పనీ రెండూ వచ్చిన ఆమెను నవాహో ప్రతినిధిగా ఒప్పుకోలేమని స్థానిక పత్రికకు ఉత్తరాలు రాసినవారు ఉన్నారు. ఆమెకు భాష నేర్పిన అమ్మమ్మ పెంపకం కన్నా చర్మం రంగే వారికి పెద్దగా కనబడింది. పరాయి కొలత పోయినంత మాత్రాన కొలిచే చేతులు న్యాయమైనవి అవుతాయని నేను అనుకోను.

అడవితంగేడు:
1914 సవరణ గురించి నాకు తెలియదు. వేదిక ఎక్కడమే ఒకప్పుడు నేరమన్న మాట నా వాదనను కొంత కదిలించింది. ఎడారిగాలి గారు చెప్పిన చిక్కునూ ఒప్పుకుంటున్నాను. అయినా మధ్య అమెరికాలోని గ్వాటెమాలాను గుర్తు చేయకుండా ఉండలేను. 1978 మే 29న పాన్సోస్ పట్టణంలో భూమి కోసం వచ్చిన కెక్చీ మాయా ఆదివాసీ రైతులపై సైన్యం కాల్పులు జరిపి పదుల సంఖ్యలో చంపింది. కోబాన్‌లో ఏటా జరిగే జానపద ఉత్సవంలో మాయా సుందరికి పట్టం కట్టేవారు. ప్రభుత్వ పెద్దలు దానికి ముగ్ధులయ్యేవారు. ఆ ఏడాది జులైలో పలు పట్టణాల్లో ఇలాంటి పోటీల్లో గెలిచిన ఆదివాసీ రాణులు కలిసి, మా వారిని చంపుతూ మా దుస్తులను మెచ్చుకునే పండుగ మాకు వద్దని పత్రికలో ప్రకటన ఇచ్చారు. నాకు కాలింగ్‌బుల్ ప్రసంగాల కన్నా ఆ నిరాకరణే పెద్దదిగా కనిపిస్తుంది.

పాతకాగితం:
నాకూ కనిపిస్తుంది. అయితే అడవితంగేడు గారూ, ఆ ప్రకటనను పత్రిక అచ్చు వేసింది కింద సంతకం చేసినవారు రాణులు కాబట్టే. పాన్సోస్ వితంతువులు అదే మాట చెప్పి ఉంటే అచ్చయ్యేదా?