చలికాలంలో కిటికీ దగ్గర అక్షింతల పురుగులు: ఇవి గోడలోనే పుడుతున్నాయా?

కిటికీపక్క (ప్రశ్న):

మూడు వారాలుగా మా ఇంట్లో ఎండ పడే గది కిటికీ దగ్గర నారింజ రంగు పురుగులు రోజుకు ఇరవై ముప్పై దాకా కనిపిస్తున్నాయి. వీటిని కొందరు అక్షింతల పురుగులంటున్నారు, కొందరు ఆరుద్ర పురుగులంటున్నారు. బయట గడ్డకట్టే చలి ఉన్నందున తలుపులూ కిటికీలూ మూసే ఉంచుతున్నాము. అయినా నిన్న ఏరివేసిన చోటే ఈ రోజు మళ్లీ అన్నే కనిపిస్తుంటే, గోడ లోపల గుడ్లు పెడుతున్నాయేమోనని భయంగా ఉంది. చీపురుతో ఊడ్చినప్పుడు వాటి నుంచి పసుపు రంగు ద్రవం కారి తెల్లని పరదా మీద మరకలు పడ్డాయి, ఆ వాసన చాలాసేపు పోలేదు. మా అబ్బాయికి వారం రోజులుగా తుమ్ములు, కళ్ల దురద ఉన్నాయి. గోడ సందుల్లోకి పురుగుల మందు కొట్టించవచ్చా? పంటకు మేలు చేసే పురుగని చదువుకున్నదాన్ని చంపడానికి మనసు కూడా ఒప్పడం లేదు.

పెరటితోట:

ముందుగా పేరు సంగతి. ఆరుద్ర పురుగులు తొలకరి వానలకు నేల మీద కనిపించే ముఖమల్ లాంటి ఎర్రని జీవులు. ఎనిమిది కాళ్లుండే అవి సాలెపురుగులకు బంధువులు. మీ ఇంట్లో ఉన్నవి అక్షింతల పురుగులే, అందులోనూ హార్మోనియా ఆక్సిరిడిస్ అనే ఆసియా జాతివి కావచ్చు. తల వెనుక తెల్లని భాగం మీద ఇంగ్లీషు ఎమ్ అక్షరం లాంటి నల్లని గుర్తు ఉందేమో చూడండి. చుక్కల లెక్కను నమ్ముకోవద్దు, ఒక్క చుక్కా లేనివీ ఉంటాయి, 19 ఉన్నవీ ఉంటాయి.

అవి మీ గోడలో పుట్టడం లేదు. శరదృతువులోనే లోపలికి చేరి సందుల్లో నిద్రాణంగా పడి ఉన్నవి, ఎండ కాసిన రోజునో హీటరు వేడికో మేలుకొని, వెలుతురున్న దిక్కున బయటికి దారి ఉంటుందని కిటికీకి వస్తున్నాయి. నిన్నటివీ నేటివీ ఒకే గుంపులోవి. వాటి సంతానమంతా పేనుబంక (మొక్కల రసం పీల్చే చిన్న పురుగులు) పట్టిన మొక్కల మీదే పెరుగుతుంది. వసంతంలో బయటికి వెళ్లిన ఆడపురుగు ఆకుల అడుగున సుమారు 20 చొప్పున పసుపు గుడ్లను గుంపుగా పెడుతుంది. మూడు నుంచి అయిదు రోజుల్లో బయటికి వచ్చే పిల్లపురుగుకు తల్లి పోలిక ఏమాత్రం ఉండదు; నల్లని ఒంటి మీద ముళ్లతో, పక్కల నారింజ చారలతో బుల్లి మొసలిలా కనిపిస్తుంది కనుక చాలామంది చీడ అనుకొని నలిపేస్తారు. అది సుమారు రెండు వారాల పాటు కుబుసం విడుస్తూ, వందల కొద్దీ పేనుబంకను తిని, ఆకుకే అతుక్కొని ప్యూపాగా మారి, మరో అయిదారు రోజుల్లో రెక్కల పురుగై వస్తుంది.

ఇక ఇళ్లలోకి ఎందుకు వస్తాయంటే, స్వస్థలమైన చైనా, జపాన్, కొరియా, తూర్పు రష్యా ప్రాంతాల్లో ఇవి కొండరాళ్ల పగుళ్లలో చలికాలం గడుపుతాయి. ఎండ పడే లేత రంగు గోడ వాటి కంటికి కొండచరియ లాంటిదే.

మేడమీదిగది:

మందు విషయం నా అనుభవం కొద్దీ చెబుతున్నాను, దయచేసి కొట్టించకండి. నేను ఒక నడి చలికాలంలో గోడ సందుల్లోకి మందు కొట్టించాను. పురుగుల రాక తగ్గిన మాట నిజమే కాని, లోపల చచ్చి పోగుపడిన వాటిని తినడానికి కార్పెట్ బీటిల్స్ అనే చిన్న పురుగులు చేరి, వేసవి నాటికి మా ఉన్ని శాలువాలకు చిల్లులు పెట్టాయి. అక్షింతల పురుగులు బట్టలనూ, కలపనూ, తిండి దినుసులనూ ముట్టవు. వాటిని చంపబోయి, బట్టలు తినే వాటిని నేనే పిలిచినట్లయింది.

చీపురు కూడా వాడకండి. వాక్యూమ్ గొట్టం కొసలోకి పాత నైలాన్ మేజోడును దూర్చి, దాని అంచును బయట రబ్బరు బ్యాండుతో బిగిస్తే పురుగులు అందులోనే ఉండిపోతాయి, యంత్రానికి వాసన పట్టదు. తరువాత మేజోడును సబ్బు నీళ్లలో ముంచితే చాలు. ఈ చలికాలానికి కిటికీ చట్రాల చుట్టూ గది వైపునున్న సందులను మూయండి. అసలు పని మాత్రం వేసవి చివరలో, అవి గూడు వెతకడం మొదలుపెట్టక ముందే బయటి గోడ దగ్గర జరగాలి: తీగలు, గొట్టాలు లోపలికి వచ్చే చోట్లను సీలెంటుతో పూడ్చి, తలుపుల అడుగున పట్టీలు వేసి, అటక గాలిరంధ్రాలకు సన్నని జాలీ బిగించాలి.

మిత్రకీటకం:

అబ్బాయి తుమ్ములను తేలికగా తీసుకోవద్దు. ఆ పసుపు ద్రవం, బెదిరినప్పుడు కాళ్ల కీళ్ల నుంచి అవి కార్చే రక్తమే. అందులోని ప్రోటీన్ల వల్ల కొందరికి జలుబు, కళ్ల మంట, దద్దుర్లు, ఉబ్బసం సైతం వస్తాయి. అలర్జీ వైద్యునికి చూపించినప్పుడు ఇంట్లో ఈ పురుగులున్న సంగతి తప్పక చెప్పండి.

మీ మనసులోని బాధ నాకు అర్థమవుతోంది. అమెరికాలో పేనుబంకను అరికట్టడానికే వీటిని 1916 నుంచి పలుమార్లు వదిలారు. 1988లో లూసియానాలో స్థిరపడినట్లు గుర్తించిన తరువాత దేశమంతా వ్యాపించాయి. అయితే ఇవి స్థానిక అక్షింతల పురుగుల గుడ్లనూ పిల్లలనూ కూడా తినేస్తాయి. 2004లో బ్రిటన్ చేరిన తరువాత అక్కడి రెండు చుక్కల జాతి బాగా తగ్గిపోయింది. అందుచేత ఇంట్లోకి వచ్చిన వాటిని తీసివేసినందుకు మీరు నొచ్చుకోనక్కరలేదు. వేసవిలో మొక్కల మీద ఆ ముళ్ల పిల్లపురుగు కనిపిస్తే మాత్రం దాని పని దాన్ని చేసుకోనివ్వండి.

కిటికీపక్క:

అందరికీ ధన్యవాదాలు. ఎమ్ గుర్తు స్పష్టంగా ఉంది, మందు ఆలోచన మానుకున్నాను. ఏరిన వాటిని బతికుండగానే బయట వదిలితే బతుకుతాయా?

పెరటితోట:

మెలకువ వచ్చిన పురుగును గడ్డకట్టే చలిలో వదిలితే బతకడం కష్టం. చంపడం ఇష్టం లేకపోతే, హీటరు లేని షెడ్డులో గాలి ఆడే డబ్బాలో ఎండుటాకులు వేసి అందులో ఉంచండి. చల్లగా ఉంటే మళ్లీ నిద్రలోకి జారుకుంటాయి. గది వెచ్చదనంలో తిరిగేవి మాత్రం తిండీ తడీ లేక, ఒంట్లో దాచుకున్న కొవ్వు కరిగిపోయి, ఎలాగూ వసంతం దాకా నిలవవు.