జీఎస్టీ ఆర్డర్‌పై వేసిన రిట్ విత్‌డ్రా చేసుకుని అప్పీలుకు వెళ్తే టైం సంగతేంటి?

వ్యాపారి_66: ఆర్డర్ ఏప్రిల్ 2న అందింది. మే 20న హైకోర్టులో రిట్ వేశాం, వసూలుపై స్టే ఉంది. జీఎస్టీ చట్టం సెక్షన్ 107 కింద అప్పీలు ఉండగా రిట్ ఎందుకని జీపీ (ప్రభుత్వ న్యాయవాది) గారు అడ్డుపడుతున్నారు. ఇప్పుడు నవంబరు. విత్‌డ్రా చేసుకుంటే అప్పీలు టైం దాటిందని కొట్టేయరా?

పన్నుల_వకీలు: మామూలు లెక్కలో ఎప్పుడో దాటింది. మూడు నెలలు జులై 2తో, ఆలస్యాన్ని మన్నించగల అదనపు నెల ఆగస్టు 2తో అయిపోయాయి. ఆపైన మన్నించే అధికారం అప్పీలు అధికారికి లేదు. ఇలాంటి గడువును హైకోర్టు కూడా పొడిగించజాలదని 2020లో వ్యాట్ చట్టం కింద వచ్చిన గ్లాక్సో కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

కాబట్టి 'ఆలస్యం మన్నించండి' అని కాదు, 'రిట్ నడిచిన కాలాన్ని మినహాయించండి' అని అడగాలి. లిమిటేషన్ (కాలపరిమితి) చట్టం సెక్షన్ 14 సూత్రం, అంటే తగని చోట మంచి విశ్వాసంతో కేసు నడిపిన కాలాన్ని గడువులో లెక్కించకూడదన్నది, ట్రిబ్యునళ్ల అప్పీళ్లకూ వర్తిస్తుందని 2015లో ఎంపీ స్టీల్ కేసులో చెప్పారు. అది వర్తిస్తే మీకు ఖర్చయింది 48 రోజులే. జులై 2 వరకు మిగిలిన 43 రోజులు రిట్ ముగిసిన మర్నాటి నుంచి నడుస్తాయి. కానీ అంతవరకు ఆగకండి, సర్టిఫైడ్ కాపీ చేతికందిన వారంలోనే వేసేయండి.

విత్‌డ్రా మెమోలో ఉత్త 'నాట్ ప్రెస్డ్' (పట్టుబట్టడం లేదు) అని రాయించకండి. అప్పీలు దారి ఉన్నందున ఉపసంహరించుకుంటున్నామని, రిట్ మంచి విశ్వాసంతో నడిపామని, సెక్షన్ 14 వాదన తెరిచే ఉంచాలని రాయించి, అవే మాటలు ఆర్డర్‌లోకి వచ్చేలా చూసుకోండి. 'డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్' (ఉపసంహరించుకున్నందున కొట్టివేత) అన్న ఒక్క ముక్కతో వస్తే అధికారి ముందు చూపించడానికి మీ దగ్గర ఏమీ ఉండదు.

కోర్టుగుమాస్తా: లిబర్టీ (అప్పీలుకు వెళ్లేందుకు కోర్టు ఇచ్చే స్వేచ్ఛ) రాయకపోతే అప్పీలు కూడా పోతుందని కొందరు భయపెడతారు. అది తప్పు. 1986 నాటి సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ తీర్పు అడ్డుకునేది అదే విషయంపై మళ్లీ రిట్ వేయడాన్ని, వేరే దారిని కాదు. అలాగని లిబర్టీ దొరికితే గడువు దానంతటదే పెరగదు. రెండూ వేరు.

పన్నుల_వకీలు: నిజమే. ఇంకోటి, విత్‌డ్రా అయిన రోజే స్టే పోతుంది. ఒప్పుకున్న మొత్తం పూర్తిగా, వివాదంలో ఉన్న పన్నులో 10 శాతం కట్టి అప్పీలు వేస్తేనే మిగతా వసూలు 107(7) కింద ఆగుతుంది. వివాదం 8 లక్షల పన్నుపై అయితే 80 వేలు. వడ్డీ, పెనాల్టీ ఈ 10 శాతం లెక్కలోకి రావు.

వ్యాపారి_66: స్టే షరతు కింద ఇప్పటికే డీఆర్‌సీ-03 (జీఎస్టీ పోర్టల్‌లో స్వచ్ఛంద చెల్లింపు ఫారం)లో కొంత కట్టాం సార్.

పన్నుల_వకీలు: డీఆర్‌సీ-03ఏ వేసి దాన్ని ఆ డిమాండుకు ముడిపెట్టండి. లేకపోతే పోర్టల్‌లో అది మీ డిపాజిట్‌గా కనిపించదు, అప్పీలు ఫారం నింపేటప్పుడు మళ్లీ కట్టమంటుంది. ఆ చెల్లింపును సర్దుబాటు చేసుకోవచ్చని విత్‌డ్రాయల్ ఆర్డర్‌లోనే ఒక వాక్యం అడిగి పెట్టించుకోండి.