లూ షున్ పద్యంలో ఎద్దు ఎవరు, వేళ్లు ఎవరివి?

“వేయిమంది వేలెత్తి చూపినా కనుబొమలు ముడిచి చలించక నిలుస్తాను, తలవంచి పసివాడికి ఇష్టంగా ఎద్దునవుతాను” అనే అర్థం వచ్చే చైనా రచయిత లూ షున్ పాదాలను, కళాకారుడు విప్లవ నాయకత్వానికి చేసిన ప్రమాణంగా కొందరు మిత్రులు చదివారు. ఆ అర్థం పద్యానికి తరువాత అంటిందని, 1942 మే నెలలో చైనా కమ్యూనిస్టుల స్థావరమైన యెనాన్‌లో జరిగిన సాహిత్య కళా సమావేశంలో మావో చేసిన వ్యాఖ్యానమే దానికి మూలమని నా అభిప్రాయం.

1932 అక్టోబరులో షాంఘైలో రాసిన ఈ ఎనిమిది పాదాల పద్యానికి కవి పెట్టిన పేరు ఆత్మపరిహాసం. చిరిగిన టోపీని మొహం మీదికి దించుకొని సంతవీధి దాటే మనిషి, చిల్లుపడవలో మద్యంతో నడిఏట తేలే మనిషి అందులో కనిపిస్తాడు. చివరికి చిన్న మేడగదిలో దూరి, బయట ఏ ఋతువైతే నాకేమి అంటాడు. ఇక ఎద్దు ప్రాచీన చైనాలోని చీ రాజ్యపు పాత కథలోనిది: జింగ్ అనే ప్రభువు నోట తాడు కరచుకొని కొడుకుకు ఎద్దుగా మారి, వాడు పడిపోగా తన పళ్లు విరగ్గొట్టుకున్నాడు. అక్కడ వంగినవాడు పాలకుడే. పద్యం రాసేనాటికి లూ షున్‌కూ మూడేళ్ల కొడుకున్నాడు.

మావో దృష్టిలో వేళ్లు శత్రువులవి, పసివాడు శ్రామికవర్గం, ప్రజానీకం. కమ్యూనిస్టులూ రచయితలూ అందరూ ఎద్దులు కావాలి. ఒకవైపు అప్పటి పాలక పక్షమైన కొమింటాంగ్ దిగ్బంధం, మరోవైపు జపాన్ సైన్యం ఉన్న కాలంలో, చదువురాని రైతులకూ సైనికులకూ అందే కళ ముందు కావాలని, జరీబట్టపై మరిన్ని పూలు కుట్టడం కన్నా మంచులో ఉన్నవారికి బొగ్గులు అందించడం ముఖ్యమని ఆయన వాదించాడు. ఆ మాటలోని న్యాయాన్ని నేను కాదనను. అయితే అదే ప్రసంగంలో, స్వేచ్ఛ ఉన్న విప్లవ ప్రాంతంలో లూ షున్ వ్యంగ్యపద్ధతిని అనుసరించవలసిన పనిలేదని కూడా ఆయన అన్నాడు. 1936లోనే మరణించిన కవి దీనికి బదులు చెప్పే వీలు లేదు.

అంతకు రెండు నెలల ముందే వాంగ్ షివెయ్ అనే రచయిత, యెనాన్‌లో హోదాను బట్టి బట్టలు మూడు రంగులుగా, తిండి ఐదు తరగతులుగా పంచుతున్నారని పార్టీ పత్రికలోనే రాశాడు. అతడిపై సభలు జరిగాయి, తోటి రచయితలే ఖండించారు, 1947లో అతడిని చంపేశారు. అతడివైపు చూపిన వేళ్లు శత్రువులవి కావు, సహచరులవి. అందుచేత మొదటి పాదాన్ని శత్రువులకు అప్పగించి, రెండో పాదాన్ని మాత్రమే కళాకారుడి కర్తవ్యంగా ఉదాహరించడం నాకు సమ్మతం కాదు.